నంబరు లేని ఏడు చెట్లు

అర్జీ రాయడంలో నన్ను మించినవాడు ముసునూరు మండలంలోనే లేడని నా నమ్మకం. ముప్పై ఏళ్లు బడిలో పిల్లల రాత దిద్దినవాణ్ణి. అందుకే మా పదకొండు కుటుంబాలవాళ్లూ ఆ పని నాకే అప్పగించారు.

తొమ్మిదేళ్ల కిందట ఫ్యాక్టరీల కోసమని ప్రభుత్వం మా మామిడి తోటలు సేకరించింది. ఫ్యాక్టరీలు రాలేదు, ఒక్క ఇటుక కూడా పడలేదు. పరిహారం మేమెవరం ముట్టుకోలేదు. భూమి తిరిగి విడుదల చేయమని అడిగితే, అధికారి వచ్చి తోటలు చూసి రిపోర్టు రాస్తారని కబురొచ్చింది. అది మాకు అనుకూలంగా లేకపోతే తోటల మీద ఆశ వదులుకోవాల్సిందే.

నాకో గొప్ప ఆలోచన వచ్చింది. 'ప్రభుత్వం తీసుకున్నాక భూమి నిరుపయోగంగా బీడుపడిపోయింది' అని అర్జీలో రాశాను. చూడటానికి కూడా అలాగే ఉండాలని, ఆ తొలకరికి ఎవరూ దున్నవద్దన్నాను. పది కుటుంబాలు విన్నాయి. మా వదిన సవరమ్మ వినలేదు.

"కొమ్మ మీద బదనిక మొలిచి చెట్టు రసం తాగేస్తుంటే కొయ్యకుండా ఎలా ఉండమంటావు రాయప్పా?" అంది.

"ఒక్క ఏడాది ఓర్చుకో వదినా. భూమి మనదయ్యాక కోసుకో."

"ఇప్పుడెవరిదంట?" అని కొడవలి తీసుకుని వెళ్లిపోయింది. మొండి మనిషి. మా అన్నయ్య పోయాక మరీ మొండికెత్తింది.

ఏప్రిల్‌లో అధికారి వచ్చారు. నలభై ఏళ్లుంటాయేమో, ఎండకి తలమీద చున్నీ కప్పుకుని ఫైలు పట్టుకుని నడిచారు. మా తోటల నిండా నడుముల దాకా ఎండుగడ్డి. మధ్యలో వదిన రెండెకరాలు మాత్రం పండగకి ఊడ్చిన వాకిలిలా ఉంది. రసాలు గుత్తులుగా వేలాడుతున్నాయి. నాకు ఒళ్లు మండిపోయింది.

"బీడన్నారు కదండీ. ఇది ఎవరు దున్నారు?" అన్నారామె.

ప్రభుత్వ భూమి ఆక్రమించారని కేసు పెడతారేమోననిపించింది. "పక్క ఊరివాళ్లెవరో అయ్యుంటారు మేడమ్," అన్నాను. అంత పేలవమైన అబద్ధం నా బడిపిల్లల్లో ఒక్కడు కూడా నాకు చెప్పలేదు.

"ఎవరో కాదమ్మా, నేనే," అంది వదిన.

అధికారి వదిన తోటలోకి దిగారు. సేకరణ నాడు చెట్ల మొదళ్ల మీద వేసిన ఎర్ర నంబర్లు చూసుకుంటూ తోటంతా తిరిగి వచ్చారు. "రికార్డులో అరవై తొమ్మిది చెట్లు. ఇక్కడున్నవీ అరవై తొమ్మిదే. మరి ఏడింటికి నంబర్లు లేవేంటి?"

"నంబర్లు వేసిన మరుసటేడు గాలివానకి ఏడు పడిపోయాయమ్మా. ఆ చోటే కొత్త అంట్లు పెట్టాను. ఇప్పుడవి కూడా కాస్తున్నాయి."

"ప్రభుత్వం తీసుకున్నాక పెట్టారా?"

"తీసుకున్నామని పంచాయతీ గోడకి కాగితం అంటించి వెళ్లారు. తోటలోకి ఎవరూ రాలేదు. వస్తే చెట్లు ఎందుకు తగ్గాయని నన్నే కదా అడిగేది?"

అధికారి నవ్వలేదు. ఫైలులో పాత కాగితాలన్నీ తిరగేశారు. స్వాధీనం చేసుకున్నట్టు ఎక్కడా సంతకం లేదు. నా వైపు తిరిగి, "మిగతా తోటలు కూడా మీ చేతుల్లోనే ఉన్నాయా మాస్టారూ? ఉంటే ఆ మాటే చెప్పాలి, విడుదల దాని మీదే ఆధారపడి ఉంది. బీడని రాస్తే మీరే వదిలేసినట్టు," అన్నారు.

నాకు తల కొట్టేసినట్టయింది. "మావేనండి. నిరుటి దాకా మేమే దున్నాం. ఈ ఏడు అర్జీ కోసం నేనే ఆపించాను," అని ఒప్పుకున్నాను. నా అర్జీలో నేను ఎంతో ముచ్చటపడి రాసుకున్న ఆ వాక్యాన్ని నా చేత్తోనే కొట్టేశాను. నంబరు లేని ఏడు చెట్లూ రిపోర్టులోకి ఎక్కాయి.

ఆరు నెలలకి విడుదల ఉత్తర్వు వచ్చింది. పదకొండు కుటుంబాల పేర్లూ ఉన్నాయి. పరుగులాంటి నడకతో వెళ్లి వదినకి చదివి వినిపించాను.

ఆమె పైట చెంగుతో కళ్లు తుడుచుకుంది. "సరే గానీ, నీ తోటలో బదనిక ఎంత పెరిగిందో చూశావా? నిచ్చెన పట్టుకురా," అంది.

పట్టపగలు నిచ్చెన భుజాన వేసుకుని ఊరి మధ్యలోంచి నడిచాను. "ఎక్కడికి మాస్టారూ?" అని అడిగినవాళ్లందరికీ ఆగి మరీ చెప్పాను.

"మా వదిన రమ్మంది."