నలభయ్యో రోజు రొట్టె

సెఫ్రూ ఊళ్ళో మా సందు ఆడవాళ్ళు పొద్దున్నే పిండి కలిపి, పళ్ళెంలో పెట్టి గుడ్డ కప్పి, అందరి రొట్టెలూ కాల్చే అల్లాల్ పొయ్యి దగ్గర ఇచ్చి వస్తారు. మధ్యాహ్నం ఎవరు గడపలో అడుగు పెడితే వాళ్ళ రొట్టె పొయ్యిలోంచి జరుగుతూ వచ్చి చేతిలో పడుతుంది. పరాయివాళ్ళ రొట్టె కదలదు, అల్లాల్ తెడ్డుతో లాగాల్సిందే. కొత్త కోడళ్ళకైతే, రొట్టె వాళ్ళని గుర్తుపట్టేందుకు నలభై రోజుల గడువిస్తాం.

గినీ దేశం నుంచి వచ్చిన కదియాతూ, లర్బీ మేడ మీద గదిలో దిగగానే సందంతా గుసగుసలు మొదలయ్యాయి. ఆలివ్ కాయలు ఏరే పనికెళ్ళే పిల్ల, ఎవరి జోలికీ పోదు.

"దాని పళ్ళెం పక్కన నాది పెట్టకు అల్లాల్, నా రొట్టె నల్లబడుద్ది," అంది మక్కా వెళ్ళొచ్చిన పెద్దావిడ హజ్జా మన్నానా.

"మాడితే నల్లబడుద్ది హజ్జా, పక్కన పెడితే కాదు."

ఆవిడ ఊరుకునే రకమా? లర్బీని పట్టుకుంది. "నలభై రోజులు చూడు. దాని రొట్టె దానంతట అది రాలేదో, గది ఖాళీ చేయించు."

లర్బీ ఆవిడకు ఎదురు చెప్పలేడు, తలూపాడు. ఈ చలిలో ఆ పిల్ల ఎక్కడికి పోతుందని ఎవరూ అడగలేదు. నేనూ అడగలేదు, తల్చుకుంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది.

ముప్ఫై తొమ్మిది రోజులూ తెడ్డే గతయింది. నలభయ్యో రోజు పొద్దున పిండి ఇచ్చి వెళ్ళిన కదియాతూ, మధ్యాహ్నం నమాజు అయిపోయినా రాలేదు. అందరి రొట్టెలూ వెళ్ళిపోయాయి.

"చూశావా, మొహం చెల్లక రాలేదు," అని లర్బీతో అంది హజ్జా.

అప్పుడు కదిలింది కదియాతూ రొట్టె. పొయ్యి దిగి, హజ్జా కాళ్ళ పక్కనుంచి గడప దాటి, సందు వెంట జరుగుతూ పోతోంది.

"మనిషి రాలేదుగా, అదే వెళ్తోంది," అన్నాడు అల్లాల్.

అందరం వెనకాలే వెళ్ళాం. మోకాళ్ళ నొప్పులతో మూలుగుతూనే హజ్జా కూడా లర్బీ మేడ మెట్లెక్కింది. గదిలో కదియాతూ ఒళ్ళు తెలియని జ్వరంతో నేల మీద పడి ఉంది. రొట్టె వచ్చి ఆమె చేతిని ఆనుకుని ఆగింది.

హజ్జా కూలబడి, ఆ పిల్ల తల ఒళ్ళోకి తీసుకుంది. నుదురు తడిపింది, చేతులు రుద్దింది. కళ్ళు తెరిచాక రొట్టె విరిచి, పక్కింటి నుంచి తెప్పించిన వేడి సూపులో ముంచి నోట్లో పెట్టింది.

"నీ పేరేంటమ్మా?"

"కదియాతూ."

హజ్జా కళ్ళు తుడుచుకుని గుమ్మంలో ఉన్న లర్బీ మీద విరుచుకుపడింది.

"కిటికీకి అద్దం కూడా లేదు. ఇది మనుషులుండే గదేనా? ఖాళీ చేయిస్తానన్నావుగా, ఇప్పుడే చేయించు. కదియాతూ నాతో మా ఇంటికొస్తోంది."