వంతెన దిగని మనిషి

నెల్లిమర్లలో ప్యాసింజరు ఎక్కే ముందే భాస్కర్ వాట్సాప్‌లో తన లైవ్ లొకేషన్ పంపించాడు. అది గౌరి పెట్టిన షరతు. "ఇంతవరకూ ఎవుల్నీ ఇలాగ ఒంటరిగా కలవలేదండి. మీరెంతవరకూ వచ్చేరో సూసుకుంటా ఉంటే నాకు దడ తగ్గుతాది," అంది ఫోన్లో.

పాతపట్నంలో బట్టలు కుట్టే గౌరికి ముప్పై ఆరేళ్లు. పెళ్లి సంబంధాల యాప్‌లో పరిచయమైన వారానికే, పోలియో కాలితో తను నడిచే వీడియో పంపేసింది. "ముందే సూసుకోండి. తర్వాత మాట పడలేను."

భాస్కర్ మాత్రం పదేళ్ల కిందటి ఫొటోనే ఉంచేశాడు. అందులో నిండుగా జుట్టు. నాలుగు నెలలుగా మార్చాలనుకుంటూనే ఉన్నాడు. వీడియో కాల్ అంటే సిగ్నల్ లేదనేవాడు. పొద్దున్న మిల్లులో తోటి పనివాడు గంగులు పగలబడి నవ్వాడు. "ఒరే బావా, ఆ పిల్ల నిన్ను సూసి, మీ తమ్ముడు రాలేదేటండీ అంటాది. టోపీ ఎట్టుకెళ్లు!"

టోపీతోనే వచ్చాడు.

ఆమదాలవలసలో దిగి వంతెన ఎక్కాడు. కింద ఒకటో నంబరు ప్లాట్‌ఫారం బెంచీ మీద గౌరి. చెప్పిన ఆకుపచ్చ చీరే. ఒళ్లో టిఫిను డబ్బా. వీడియోలో కన్నా బాగుంది. టోపీ తీసి, బట్టతల మీద చెమట తుడుచుకుని, మళ్లీ పెట్టుకున్నాడు. ఐదు నిమిషాలాగి దిగుదామనుకున్నాడు. పావుగంటయింది. జేబులో ఫోన్ అదురుతూనే ఉంది; తీయలేదు. విజయనగరం వైపు బండి వచ్చి ఆగింది. అవతలి మెట్లు దిగి ఎక్కేశాడు.

పొందూరు దాటాక, ఒంట్లో బాగోక బయల్దేరలేదని రాద్దామని ఫోన్ తీశాడు. లొకేషన్ ఇంకా ఆమెకు వెళ్తూనే ఉంది. ఆ సంగతే మర్చిపోయాడు. కింద ఆమె మెసేజీలు.

"వంతెన మీదున్నారా? నేను మెట్లెక్కలేనండి. మీరే దిగండి."

"టోపీ మనిషి మీరేనా? సెయ్యి ఊపండి."

"ఎల్లిపోతన్నారా?"

ఆఖరిది ఐదు నిమిషాల కిందటిది. "వీడియోలో సూసినా, కాలు ఎదురుగా సూస్తే వేరేలెండి. కోపం లేదు."

"కాలు వల్ల కాదు గౌరి గారూ. నేనే ముసిలోణ్ణయిపోనాను. నా ఫొటో పాతది," అని గబగబా కొట్టి పంపాడు. పక్కన ఒకటే టిక్కు పడింది. ఆమె ఫొటో ఉండాల్సిన చోట ఏమీ లేదు; బ్లాక్ చేసేసినట్టుంది. ఫోన్ చేస్తే కలవలేదు.

టోపీ తీసి ఒళ్లో పెట్టుకుని, రెండో టిక్కు కోసం చూస్తూ కూర్చున్నాడు. నెల్లిమర్ల వచ్చిందీ, వెళ్లిపోయిందీ అతనికి తెలియలేదు.