ఎదురుచూపుతో చేసిన బిళ్ళ

నేను ఒక ఓపుబిళ్ళను. పేరు విని నాకు చాలా ఓపిక ఉందనుకోకండి. నాలో ఉన్న ఓపికంతా వేరొకరిది. నాది ఎప్పుడో అయిపోయింది.

నాగులరేవులో ఒక వీధి ఉంది. దాని పడమటి కొస తాతల కాలంలోకి, తూర్పు కొస ఇంకా పుట్టని మనవల కాలంలోకి తెరుచుకుంటుంది. మూడు కాలాలవాళ్ళూ అక్కడ వర్తకం చేస్తారు. ఏ డబ్బుతో చెయ్యాలన్న దగ్గర మొదట్లో తలలు పగిలాయట. బంగారం ఒక కాలంలో ప్రాణం, ఇంకో కాలంలో కంకర. గవ్వలు ఇటువాళ్ళు ముట్టరు, కాగితాలు అటువాళ్ళు ముట్టరు. చివరికి, ఏ కాలపు మనిషికైనా ఒకే ఖరీదు పడేది ఎదురుచూపు ఒక్కటేనని తేల్చారు. మనుషులు తేల్చిన సంగతుల్లో సరైనది బహుశా అదొక్కటే.

రేవు పక్క కాలువలో దొరికే నల్లమట్టిని ముద్ద చేసి పిడికిట్లో పెడతారు. పట్టుకున్న మనిషి ఎవరికోసమో ఎదురుచూస్తూ కూర్చోవాలి. అది ఆరేదాకా పిడికిలి విప్పకూడదు, నోరు విప్పకూడదు. విప్పితే మట్టి మట్టిగానే మిగులుతుంది. విప్పకపోతే నాలాంటిది తయారవుతుంది. బిళ్ళ అంటారుగానీ మేము గుండ్రంగా ఉండం. పిడికిలి ఎలా నొక్కితే అలా ఉంటాం.

నన్ను చేసింది దాలమ్మ. ఆమె భర్త గౌరీసు ఎండుచేపల తట్ట నెత్తికెత్తుకుని, "మాపటికి ఒచ్చెత్తానే" అని తాతల కాలంలోకి వెళ్ళాడు. మాపు వచ్చింది. అతను రాలేదు. మర్నాడు ఆమె మట్టి పట్టుకుని, బిళ్ళలు చేసే రేవు పాకలో కూర్చుంది. ఆ చేతిలో ఆరుతున్నంతసేపూ నాకు తగిలింది మొదట భయం, తరవాత కోపం. భయంకన్నా కోపం సుఖంగా ఉంటుంది కాబట్టి ఆమె దాన్నే గట్టిగా పట్టుకుంది. ఆ సాయంత్రమే నన్నిచ్చి బియ్యం తెచ్చుకుంది. తప్పు పట్టను. ఆకలికి ఎదురుచూడడం రాదు.

బియ్యం కొట్టునుంచి మనవల కాలపు షోకిలా ఒకడు నన్ను పట్టుకుపోయాడు. వాళ్ళకి ఏదైనా అడగ్గానే వచ్చేస్తుందట. అందుకని ఎదురుచూపు ఎలా ఉంటుందో రుచి చూపించడానికి నన్ను చుట్టాలందరి చెంపలకీ ఆనించేవాడు. "ఎవరో వస్తున్నట్టుందే!" అని ఒకావిడ తలుపు వైపు చూసింది. ఎవరూ రాలేదు. ఆమె కళ్ళు చెమర్చాయి. అందరూ చప్పట్లు కొట్టారు. నా ఒళ్ళు మండిపోయింది. ఒక మనిషి రోజంతా కుమిలిపోతే వీళ్ళకది కాలక్షేపం! మోజు తీరాక నన్నిచ్చి తాతల నాటి కుర్చీ ఒకటి కొనుక్కున్నాడు. అలా నేను తాతల కాలంలో ఒక ఉప్పు వర్తకుడి సంచిలో పడ్డాను.

ఆ వర్తకుడి దగ్గర మూటలు మోస్తున్న కూలీ ఎవరనుకున్నారు? గౌరీసు. వీధి దాటి వెనక్కి రావాలంటే ఒక ఓపుబిళ్ళ సుంకం కట్టాలి. దానికని దాచుకున్న బిళ్ళ పెట్టి ఈ మహానుభావుడు ఇత్తడి బిందె కొన్నాడు. చవగ్గా వచ్చిందట! చిల్లు ఉందని తరవాత తెలిసింది. ఇంకో బిళ్ళ చేసుకుందామంటే ఆ మట్టి మా రేవులో తప్ప దొరకదు. ఇక ఏళ్ళ తరబడి ఉప్పు మోశాడు.

చివరికి వర్తకుడు నన్ను కూలి కింద ఇచ్చాడు. గౌరీసు తిప్పి చూసి ఆగిపోయాడు. దాలమ్మ ఉంగరపు వేలు చిన్నప్పుడు విరిగి వంకరగా అతుక్కుంది. ఆ వంకర నా పక్కన దిగి ఉంది.

"ఇది మా దాలి ఏలే!" అని పిచ్చివాడిలా నవ్వాడు. ఆనక మొహం వాడిపోయింది. "నిన్నిచ్చేత్తేగానీ దాని కాడికి ఎల్లనేను గదే." మనిషి నాకు సంజాయిషీ చెప్పుకోవడం అదే మొదలు.

బిళ్ళలు చేసే ఆ పాకకి పెద్ద అప్పలసూరి. సుంకం కూడా అతనే వసూలు చేస్తాడు. గౌరీసు నన్ను అతని చేతిలో పడేసి, దాలమ్మ లోపలే ఉందని విని, పాకలోకి పరుగెత్తాడు. అతని వెనకే అప్పలసూరి, అతని గుప్పిట్లో నేను.

దాలమ్మ పిడికిలి మూసుకుని కూర్చుని ఉంది. ఇన్నేళ్ళలో బిళ్ళలు చెయ్యడంలో ఆమెది రేవుకంతటికీ పేరున్న చెయ్యి అయింది. "నీ మొగుడు రాకపోటమే నీకు పంట దాలప్పా. ఒచ్చినాడో, మల్లీ చేపల తట్టే!" అని తోటి ఆడవాళ్ళు వేళాకోళమాడితే నవ్వేసేదట. అలా నవ్వగలిగినందుకు లోపల ఎంత హడలిపోయిందో ఎవరూ అడగలేదు.

"దాలీ! నానే!"

ఆమె చూసింది. పిడికిలి వైపు చూసుకుంది. తరవాత, చెబితే నమ్మరు, గడ్డం ఎత్తి ఆగమని సైగ చేసింది.

"సగం ఆరిపోనాది, ఆగరా బాబూ," అన్నాడు అప్పలసూరి. "నువ్వూ ఎదురే సూత్తన్నావు గదా, ఊరికే నిలబడ్డం దేనికి? ఇదిగో, పట్టు." అని ఒక ముద్ద అతని చేతిలో పెట్టాడు. ఆ వెర్రివాడు పట్టాడు. పట్టి, కూర్చున్నాడు!

మొగుడూ పెళ్ళాం ఎదురెదురుగా, నోళ్ళు మూసుకుని, ఒకరికోసం ఒకరు ఎదురుచూస్తూ. నాకు చేతులుంటే ఇద్దరి నెత్తినా చెరొకటి మొట్టేదాన్ని.

పొద్దు వాలింది. దాలమ్మ బిళ్ళ ఆరింది. పిడికిలి విప్పి దాన్ని పక్కన పెట్టింది.

"ఎక్కడికి పోనావు?"

అతను నోరు తెరవబోయి, అప్పలసూరిని చూసి, తన పిడికిలి చూపించాడు. వేళ్ళ సందుల్లో మట్టి ఇంకా పచ్చిగా ఉంది. ఆమె చెయ్యి అలవాటుగా నల్లమట్టి కలిపిన కుండ వైపు వెళ్ళింది. వేళ్ళు తడికి తగిలాయి. అక్కడ ఆగి, ఆ చేతిని ఎవరిదో అన్నట్టు చూసింది.

తరవాత లేచి వెళ్ళి అతని ముందు కూర్చుంది. అతని పిడికిలి ఒళ్ళోకి తీసుకుని ఒక్కొక్క వేలూ విప్పడం మొదలుపెట్టింది.

"ఓలమ్మో, పాడైపోతాది! కూసింత ఆగవే!" అని అప్పలసూరి గోలపెట్టాడు.

ఆఖరి వేలూ విడింది. పచ్చిమట్టి జారి రెండు అరచేతుల మధ్యా పరుచుకుంది.

"ఇప్పుడు సెప్పు," అంది దాలమ్మ. "ఏగిరం సెప్పు."

"బిందె కొన్నానే..."

"బిందా?"

ఇక మొదలయ్యాయి తిట్లు. రేవంతా వినిపించాయి. మధ్యలో ఏడుపు, మళ్ళీ తిట్లు. అయినా పట్టుకున్న చెయ్యి ఆమె వదల్లేదు. అప్పలసూరి తల కొట్టుకుంటూ నన్ను సుంకం పెట్టెలో పడేశాడు.

రేపు నన్ను ఎవరు తీసుకుపోతారో, దేనికి ఇచ్చేస్తారో తెలియదు. ఆ ఇద్దరి చేతుల మధ్య నలిగిపోయిన ఆ మట్టిని మాత్రం ఏ కాలంలోనూ ఎవరూ దేనికీ మార్చుకోలేరు. దాన్ని తలుచుకుంటే నాకు కుళ్ళుగా ఉంది.