ఏడేళ్ళు కట్టాక ఇంకా పంతొమ్మిదేళ్ళు

ఆ వీధిలో ఆమెను అందరూ పళ్ళక్క అంటారు. కొత్తగా కాపురానికి దిగినవాళ్ళు ఆమె పళ్ళ వ్యాపారం చేస్తుందనుకుని సంచీ పట్టుకుని తలుపు తట్టడం మామూలే. ఆమె చేసేవి కట్టుడుపళ్ళు. డాక్టర్లు రోగుల నోటి అచ్చులు తీసి ల్యాబుకు పంపిస్తే, వాటిలో ప్లాస్టరు పోసి, మైనం మీద ఒక్కొక్క పన్నూ నిలబెట్టి, పైవరసా కిందివరసా సరిగ్గా కలిసేదాకా అరగదీస్తూ కూర్చోవడం ఆమె ఉద్యోగం. వెంట్రుకవాసి తేడా ఉన్నా ఆమె వేలికొసకు తెలిసిపోతుంది. అలాంటి మనిషి తన సొంత ఇంటి అప్పు విషయంలో అంత నిశ్చింతగా ఎలా ఉందంటే, అందులో తెలుసుకోవలసిందంటూ ఒకటి ఉంటుందని ఆమెకు తోచనే లేదు. నెల మొదట్లో భర్త ఖాతాలోంచి వాయిదా పోతుంది. పోయిన ప్రతి వాయిదాకూ ఇంట్లో జానెడు జాగా తమదైపోతున్నట్టు ఆమె లెక్క. ముందుగది ఎప్పుడో అయిపోయింది, ఇప్పుడు వంటగదిలో ఉన్నాం అని నవ్వుతూ అంటుండేది కూడా.

ఆమెకు ఒక్కతే చెల్లెలు. ఈతకొలనులో పిల్లలకు ఈత నేర్పుతుంది. ఆ పిల్ల మొగుడు పెయింట్ల దుకాణంలో రంగులు కలిపే మనిషి. వాళ్ళది మొదట్నుంచీ అద్దె కాపురమే. ఇల్లుగలవాళ్ళు ఖాళీ చెయ్యమన్నప్పుడల్లా సామాను మోయడానికి పళ్ళక్కా, ఆమె భర్తా వెళ్ళక తప్పేది కాదు. బీరువాకి తలా ఒక కొస పట్టుకుని మెట్లు దిగుతూ ఆమె చెల్లెలికి క్లాసు తీసుకునేది. అద్దె కట్టడమంటే డబ్బు గాలికి వదిలెయ్యడమేనని, అదే సొమ్ము బ్యాంకుకు కడితే ఇల్లు మిగులుతుందని, ఈ మాత్రం తెలివి ఎప్పుడొస్తుందని. చెల్లెలు ఆయాసపడుతూ, ముందు బీరువా దించమనేది.

ఆ ఏడు పళ్ళక్క ఉంటున్న భవనంలోనే మూడో అంతస్తులో ఒక ఫ్లాటు అమ్మకానికి వచ్చింది. ఆమెది రెండో అంతస్తు. కబురు తెలిసిన రోజు ఆమె కాలు నేల మీద నిలవలేదు. చెల్లెలు నెత్తిమీదే ఉంటుంది, గిన్నె తీసుకుని చెప్పులైనా వేసుకోకుండా పైకి వెళ్ళి రావచ్చు. మరిది తటపటాయించాడు. ఆమె వారం రోజులపాటు వాళ్ళ చెవిలో జోరీగలా రొదపెట్టి ఒప్పించింది. తమకు అప్పిచ్చిన బ్యాంకుకే తీసుకెళ్తానని, అక్కడి ఆఫీసరమ్మ తనకు బాగా తెలుసని చెప్పింది. నిజానికి ఆఫీసరమ్మకు ఈమె పెద్దగా తెలియదు. అప్పు తీసుకున్న రోజు ఒక్కసారి చూసిన ముఖం, అంతే.

బ్యాంకులో అక్కాచెల్లెళ్ళు ఇద్దరూ ఆఫీసరమ్మ బల్ల ముందు కూర్చున్నారు. ఇరవై లక్షల అప్పుకు నెలకు ఎంత పడుతుందో, ఏమేం కాగితాలు కావాలో ఆవిడ ఓపిగ్గా చెప్పింది. పళ్ళక్క ప్రతిమాటకూ తనే చెబుతున్నట్టు తల ఊపుతూ కూర్చుంది. అన్నీ విన్నాక చెల్లెలు మామూలుగానే ఒక మాట అడిగింది. మా అక్క కూడా ఇరవై లక్షలే తీసుకుంది, ఏడేళ్ళ నుంచి కడుతోంది, ఇప్పుడు తనకి ఇంకా ఎంత ఉంది అని.

ఆఫీసరమ్మ పళ్ళక్క వైపు చూసింది. చూడండి చూడండి, మాకేం దాపరికం అంది పళ్ళక్క ధీమాగా. ఖాతా నంబరు ఇచ్చింది.

“పదిహేడు లక్షల పదివేలు మేడమ్” అంది ఆఫీసరమ్మ తెర చూసి.

పళ్ళక్క నవ్వింది. వేరే వాళ్ళది చూసినట్టున్నారు, మాది ఇంకోసారి చూడమంది. ఆవిడ ఇంకోసారి చూసి భర్త పేరు చదివి వినిపించింది. ఆయనే.

“మరి మేం కట్టింది పద్నాలుగున్నర లక్షలండీ. అసలు అసలే తగ్గలేదా?”

“తగ్గింది కదా మేడమ్, దాదాపు మూడు లక్షలు. మిగతాది వడ్డీ.”

గడువు ఎంత ఉందని చెల్లెలు అడిగింది. పంతొమ్మిదేళ్ళు అని జవాబు వచ్చింది.

పళ్ళక్కకు ఆ తర్వాత ఆవిడ చెప్పినవి చెవిన పడుతున్నాయి గాని బుర్రకు ఎక్కడం లేదు. ప్రతి నెలా ముందు వడ్డీ తీసుకుని, మిగిలింది మాత్రమే అసలుకు జమ చేస్తారట. మధ్యలో వడ్డీ రేటు పెరిగిందట. వాయిదా పెంచాలా, గడువు పెంచాలా అని బ్యాంకు వాళ్ళు అడిగారట. జవాబు రాలేదు కాబట్టి వాయిదాను అలాగే ఉంచి గడువు పొడిగించారట. ఇప్పుడు నెలనెలా కడుతున్న పదిహేడు వేల చిల్లరలో దాదాపు పదిహేను వేలు వడ్డీకే పోతున్నాయట. మొదట రాసుకున్న ఇరవై ఏళ్ళ గడువులోంచి ఏడు తీసేస్తే పదమూడు. మరి పంతొమ్మిది ఎక్కడ్నుంచి వచ్చింది? ఆమె బల్ల కింద వేళ్ళు ముడుస్తూ మూడుసార్లు తీసివేత చేసుకుంది. మూడుసార్లూ పదమూడే వచ్చింది.

దారిలో చెల్లెలు ఆ సంగతి ఎత్తలేదు. తన పరువు కాపాడుతోందని పళ్ళక్కకు అర్థమైంది. అదే ఆమెకు ఇంకా కష్టంగా తోచింది.

సాయంత్రం లిఫ్టులు బాగుచేసే పని నుంచి భర్త వచ్చి చేతుల గ్రీజు కడుక్కుంటుంటే పక్కన నిలబడి అడిగింది. బ్యాంకు నుంచి ఏమైనా అడిగారా అని. ఆయన, రెండేళ్ళ కింద ఫోనుకు ఏదో మెసేజీ వచ్చిందన్నాడు. చాలా పొడుగ్గా ఉందట. వాయిదాలో మార్పు లేదు అన్న ముక్క చూసి, హమ్మయ్య అనుకుని వదిలేశాడట.

ఆమెకు కోపం వచ్చింది గాని ఎవరి మీద చూపించాలో తెలియలేదు. ఆ మెసేజీ తన ఫోనుకు వచ్చినా తనూ అదే పని చేసేది.

“అయినా ఇప్పుడు ఏమైందని? అద్దింట్లో ఉన్నా కట్టేవాళ్ళమేగా” అన్నాడు భర్త.

“మరి నేను ఇన్నాళ్ళూ చెల్లిని ఆడిపోసుకుందెందుకండీ?”

ఆయన తువ్వాలుతో చేతులు తుడుచుకుంటూ, ఇంటి ధర పెరిగింది కదా అన్నాడు. పెరిగితే అమ్ముతామా అని ఆమె అడిగింది. అమ్మం అన్నాడు. అమ్మితే ఎక్కడుంటాం? ఇంకోటి కొనాలి. దాని ధరా పెరిగే ఉంటుంది కదా? ఉంటుంది అన్నాడు. అయితే పెరిగి మనకేం ఒరిగింది? ఆయన తువ్వాలు భుజాన వేసుకుని, లిఫ్టు అయితే ఎక్కడ పట్టేసిందో మూత తీసి చూపించేవాణ్ణి, ఇది నాకూ అంతుపట్టదు అన్నాడు. ఇద్దరూ భోజనానికి కూర్చున్నారు. కట్టిన డబ్బు ప్రకారం తామింకా వంటగదిలో లేమని, గుమ్మం దాటి చెప్పులు విడిచే చోటు దగ్గరే ఉన్నామని ఆమెకు తోచింది.

తర్వాతి వారమంతా ఆమె మనసు మనసులో లేదు. ల్యాబులో పనిచేస్తూనే లోపల కూడికలు చేసుకునేది. మొత్తం కట్టబోయేది యాభై నాలుగు లక్షలని తేలింది. ఇల్లు ఒకటే, డబ్బు రెండిళ్ళకు పైగా. అందులో ఎక్కడో మోసం ఉండాలని వెతికింది, దొరకలేదు. ఇరవై లక్షలు ఇచ్చినవాళ్ళు వడ్డీ అడగడంలో తప్పేముంది? తప్పు లేనప్పుడు ఇంత ఎలా అయింది? ఈ గొడవలో పడి ఒక పెద్దాయనకు చెయ్యాల్సిన పళ్ళ సెట్టు పెట్టుకుంటే నోరు మూతపడనంత ఎత్తుగా చేసి పంపింది. డాక్టరు తిప్పి పంపించాడు. అన్నేళ్ళలో ఆమె పని తిరిగి రావడం అరుదు. ఆమె ఆ సెట్టును మళ్ళీ అరగదీయడానికి కూర్చుంది.

మర్నాడు పని మధ్యలో సెలవు అడిగి బ్యాంకుకు వెళ్ళింది, ఒంటరిగా. గడువు మళ్ళీ పదమూడేళ్ళు కావాలంటే ఏం చెయ్యాలని అడిగింది. ఆఫీసరమ్మ మీటలు నొక్కి, వాయిదా ఇరవై వేల పైన కొంచెం చేస్తే సరిపోతుందంది. అంటే నెలకు మూడు వేలు కూడా ఎక్కువ పడదు.

“మూడు వేలకి ఆరేళ్ళు పోతాయా?” పళ్ళక్క నమ్మలేదు. “ఇంకోసారి కొట్టి చూడండమ్మా.”

ఆవిడ ఇంకోసారి కొట్టి చూపించింది. ఎక్కువ కట్టింది నేరుగా అసలుకే పోతుంది, అసలు తగ్గితే వడ్డీ తగ్గుతుంది, అందుకని అంది. పళ్ళక్క అర్థమైనట్టే తల ఊపింది. అంత చిన్న మొత్తం అన్నేళ్ళను ఎలా మింగుతుందో, మింగగలిగినప్పుడు ఇన్నాళ్ళూ ఎవరూ ఎందుకు చెప్పలేదో ఆమెకు అర్థం కాలేదు. అదే అడిగింది.

“అడిగినవాళ్ళకి చెప్తాం మేడమ్. అడిగేవాళ్ళే తక్కువ.”

ఆవిడ గొంతులో వెటకారం లేదు. అందుకే పళ్ళక్కకు తిట్టడానికీ వీలు చిక్కలేదు.

ఆదివారం మధ్యాహ్నం చెల్లెలి ఇంటికి వెళ్ళింది. మెట్ల కింద సైకిళ్ళు, లోపల రెండు గదులు, ఆరీఆరని ఈతబట్టల వాసన. మరిది పనిలో ఉన్నాడు. చెల్లెలు మంచం మీద బట్టలు మడతపెడుతోంది. పళ్ళక్క దారంతా కూడబెట్టుకున్న మాటలు ఒక్క గుక్కలో చెప్పేసింది. ఆ ఫ్లాటు కొనొద్దంది. తనకు తెలియక అన్నేసి మాటలు అన్నానంది. ఇరవై లక్షలకు యాభై నాలుగు కట్టడం కన్నా అద్దింట్లో హాయిగా ఉండమంది.

చెల్లెలు మడత ఆపలేదు.

“మరి ఇరవై ఆరేళ్ళు నేను కట్టే అద్దె ఎంతవుతుందో అది కూడా లెక్కవెయ్యక్కా. ఏడాదేడాదికీ పెంచుతున్నారు. చివర్లో నా చేతిలో తాళంచెవి కూడా ఉండదు.”

అది పళ్ళక్క ఇన్నేళ్ళూ చెప్పిన మాటే. ఇప్పుడు చెల్లెలి నోట వింటే నిజమే అనిపించింది. ఆఫీసరమ్మ చెప్పిందీ నిజమే. రెండు నిజాలు పక్కపక్కన ఎలా పెట్టాలో ఆమెకు చేతకాలేదు.

“అయితే కొంటావా, కొనవా?”

“కొంటాను. అది మాత్రం కాదు.”

రెండు బస్సు స్టాపుల అవతల ఒక పాత భవనం ఉందట. లిఫ్టు లేదు, బాల్కనీ లేదు, గదులు చిన్నవి. ధర మూడో అంతస్తు ఫ్లాటులో సగానికి కాస్త ఎక్కువ. దాచుకున్నది ముందే కట్టేసి, పది లక్షలు మాత్రం తీసుకుని, పన్నెండేళ్ళలో తీర్చేస్తారట. బ్యాంకు నుంచి వచ్చిన మర్నాడే మొగుడూ పెళ్ళాలు వెళ్ళి చూసొచ్చారట. అక్క నొచ్చుకుంటుందని చెప్పలేదట.

పళ్ళక్క నొచ్చుకుంది. కొనొద్దని చెప్పడానికి వచ్చిన మనిషి, పై ఇంట్లోకి రావడం లేదని తెలిసి కళ్ళ నీళ్ళు పెట్టుకుంది. ఎందుకో ఆమెకే తెలియలేదు. చెల్లెలు బట్టలు పక్కకు తోసి దగ్గరకు వచ్చి కూర్చుంది.

“నీకు ఇల్లు కాదే కావాల్సింది. నేను పైనుండాలని” అంది నెమ్మదిగా.

బీరువా పట్టుకుని మెట్లు దిగుతూ తను అన్న మాటలన్నిటి వెనకా ఏముందో పళ్ళక్క ఎప్పుడూ చూసుకోలేదు. ఇల్లు మారిన ప్రతిసారీ చెల్లెలు ఇంకో వీధికి, ఇంకా దూరానికి వెళ్ళిపోతుంటే, తను మాట్లాడింది వడ్డీల గురించీ అద్దెల గురించీ.

ఆ తర్వాత జరిగింది పెద్దగా చెప్పుకునేంత లేదు. పళ్ళక్కా భర్తా బ్యాంకుకు వెళ్ళి వాయిదా పెంచమని సంతకాలు చేశారు. ఆ మూడు వేల కోసం ఆయన నెలకు రెండు ఆదివారాలు పని ఒప్పుకున్నాడు. చెల్లెలు పాత భవనంలో ఇల్లు కొంది. సంతకం పెట్టేముందు ప్రతి పంక్తికీ అర్థం అడిగి ఆఫీసరమ్మను గంటసేపు కూర్చోబెట్టిందట. వడ్డీ పెరిగితే వాయిదా పెంచాలి, గడువు కాదు అని రాయించుకుందట. సామాను చేర్చిన రోజు పళ్ళక్క భర్త అక్కడ కూడా మూడో అంతస్తు దాకా ఫ్రిజ్‌ మోసి, లిఫ్టు మెకానిక్కును పెట్టుకుని లిఫ్టు లేని ఇల్లు కొన్నారు గదరా అని మెట్ల మీద కూలబడ్డాడు.

ఏడాది తిరిగాక పళ్ళక్క మళ్ళీ బ్యాంకుకు వెళ్ళి ఎన్నేళ్ళు మిగిలిందని అడిగింది. పన్నెండు అన్నారు. రెండుసార్లు అడిగింది, రెండుసార్లూ పన్నెండే అన్నారు. సంతోషించాలో వద్దో తెలియక, అటునుంచి అటే నడుచుకుంటూ చెల్లెలింటికి వెళ్ళింది.

“ఏమన్నారు?” అంది చెల్లెలు తలుపు తీస్తూనే.

“పన్నెండు.”

“మంచిదే కదా?”

“మంచిదేననుకుంటా. మరి నీది?”

చెల్లెలు పదకొండు అంది. పళ్ళక్క కుర్చీలో కూర్చుని, వేళ్ళు ముడిచి, తెరిచి, నువ్వు చిన్నదానివి కదే, నాకన్నా ముందు ఎలా అయిపోతావు అంది. చెల్లెలు ఆ పక్కనే కూర్చుని వడ్డీ లెక్కంతా మొదట్నుంచీ చెప్పడం మొదలుపెట్టింది.