కిస్తీ పెరగలేదు

నేను ఒక జిరాక్స్ కాపీని. నవ్వకండి. నాణేలూ సైకిళ్లూ తమ కథ చెప్పుకుంటే తలలూపుతూ విన్నారు కదా, నాది కూడా కాస్త వినండి. పద్నాలుగు పేజీలదాన్ని, పేజీకి రూపాయి చొప్పున పద్నాలుగు రూపాయలకు పుట్టాను. నా అసలు ఒకటి వేరే ఉంది. అది ఒక ఇంటి దస్తావేజు. దాని ఒంటి నిండా రంగు రంగుల ముద్రలు, స్టాంపులు, పచ్చ సిరా సంతకాలు. నాకు వచ్చేసరికి అవన్నీ నలుపే. ఇల్లు కొన్న మనిషి ఫోటో కూడా నాలో బొగ్గు పులిమినట్టు పడింది. ముక్కెక్కడో మూతెక్కడో కన్నతల్లి కూడా పోల్చుకోలేదు.

పుట్టింది కరీంనగర్‌లో, ఒక బ్యాంకు ఎదుటి దుకాణంలో. యంత్రంలో జిగేలుమని ఒక వెలుగు అటునుంచి ఇటు పోయింది, వేడివేడిగా బయటపడ్డాను. నన్ను అందుకున్న మనిషి పేరు ఓదెలు, బస్సు కండక్టరు. పద్నాలుగు పేజీలూ లెక్కపెట్టి, పదిహేను రూపాయలిచ్చి, రూపాయి చిల్లర కోసం నిలబడ్డాడు. అతని సంగతి నాకు అప్పుడే అర్థమైంది. చిరిగిన పది నోటు ఇస్తే రెండు వైపులా తిప్పి చూసే రకం. ఇరవై ఏళ్ల సర్వీసు దగ్గర పడుతున్నా సంచీలో రూపాయి తేడా రానివ్వలేదని డిపోలో పేరు.

అలాంటి మనిషి ఆ రోజు బ్యాంకులో నలభై చోట్ల సంతకం పెట్టాడు. ఒక్క పేజీ చదవలేదు. చదవడానికి అవి ఇంగ్లీషులో ఉన్నాయి, పైగా మేనేజరు గడియారం చూసుకుంటున్నాడు. ఆరు లక్షల అప్పు, పదిహేనేళ్ల గడువు, నెలకు అయిదు వేల అయిదొందల అరవై రెండు రూపాయల కిస్తీ. ఈ మూడు అంకెలూ ఓదెలు కంఠతా పట్టేశాడు. వడ్డీ మారుతూ ఉంటుందని రాసిన నాలుగో సంగతి ఏ పేజీలో ఉందో అతను చూడలేదు, ఎవరూ చూపించలేదు.

అసలు దస్తావేజును మేనేజరు బీరువాలో పెడుతుంటే ఓదెలు భార్య కనకవ్వకు మనసు ఊరుకోలేదు.

"మా ఇంటి కాయితాలు మీ దగ్గర ఎందుకు సారూ? మాకిల్లున్నదని మేమేం జూసుకోవాలె?"

"అప్పు తీరేదాక మా దగ్గర్నే ఉంటయమ్మా. తీరిన్నాడు మీ చేతుల్నే పెడతం. అందాక గా జిరాక్స్ చూసుకోండ్రి."

మేనేజరు ఎగతాళికి అన్నాడేమో గానీ కనకవ్వ ఆ మాట నిజంగానే తీసుకుంది. ఇంటికి రాగానే నన్ను ప్లాస్టిక్ కవరులో పెట్టి, నాలుగు మూలలా పసుపు రాసి, కుంకుమ బొట్టు పెట్టి, దేవుడి అరలో పటాల పక్కన నిలబెట్టింది. శుక్రవారం శుక్రవారం నాకూ అగరొత్తి పొగ. నాకు సిగ్గేసింది. పూజ నాకు, ఇల్లు బ్యాంకుకు! అయినా చెప్పొద్దూ, లోపల్లోపల బాగానే ఉండేది.

ఇల్లంటే రెండు గదులు, ముందర చిన్న వసారా. అరలోంచి నాకు ముందు గది మొత్తం కనిపించేది. కనకవ్వ పొద్దున పని తెముల్చుకొని అక్కడే కింద కూర్చునేది. ఒళ్లో చాట, చాటలో తంబాకు, పక్కన తడిపిన తునికాకు. ఆకు కత్తిరించి, తంబాకు వేసి, చుట్టి, దారం కట్టి, సాయంత్రానికి వెయ్యి బీడీలు. కిస్తీ ఓదెలు జీతంలోంచి పోయేది, ఇల్లు బీడీల మీద నడిచేది. కాళ్లు మడిచి కూర్చొని కూర్చొని లేచేటప్పుడు గోడ పట్టుకొనేది. "అప్పు దీరినంక ఇగ బీడీలు ముట్ట," అని నెలకోసారైనా అనేది.

ప్రతి నెలా కిస్తీ పోయిన రోజు ఓదెలు నన్ను కవరులోంచి తీసి, చివరి పేజీ వెనక పెన్సిల్‌తో ఒక గీత గీసేవాడు. నూట ఎనభై గీతలు కావాలి. "ఇగ నూటయాభై ఏడు," అని భార్యకు వినపడేలా చెప్పేవాడు. ఆ చెప్పడంలో ఎంత సంబరమో!

రెండో ఏడు దాటుతుండగా బ్యాంకు నుంచి మొదటి ఉత్తరం వచ్చింది. ఓదెలు దాన్ని వెలుతురులోకి పట్టుకొని తన అంకె కోసం వెతికాడు. 5,562. మారలేదు. "కిస్తీ పెరగలే," అని నవ్వి, ఉత్తరాన్ని మడిచి నా కవరులోనే దోపాడు. ఆ తర్వాత వచ్చినవన్నీ అలాగే నా వీపుకు చేరాయి. ఆ ఇంట్లో ఆ ఉత్తరాలు చదివినదాన్ని నేనొక్కదాన్నే, నమ్మండి. చెప్పడానికి నాకు నోరు లేదు.

ఉత్తరాల్లో ఉన్నది ఇది. వడ్డీ ఏడున్నర నుంచి తొమ్మిదిన్నరకు, అక్కణ్నుంచి పదకొండుకు, ఆ తర్వాత పదకొండున్నరకు పెరిగింది. బ్యాంకు కిస్తీ పెంచలేదు, నెలలు పెంచింది. ఓదెలు ముప్పయ్యో గీత గీసి "ఇగ నూటయాభై" అన్న రోజున, నా వీపు మీది ఉత్తరంలో మిగిలిన కిస్తీలు రెండు వందల అరవై మూడు అని ఉంది. ఒక ఏడాదైతే మరీ ఘోరం. నెలనెలా కట్టిన అయిదు వేల అయిదొందల అరవై రెండులో వడ్డీ పోగా అప్పులోంచి తగ్గింది మూడొందల ముప్పయ్యే. ఆ నెలల్లోనూ ఓదెలు గీత మామూలు పొడవే గీశాడు.

డిపోలో డ్రైవరు సారయ్యకూ ఇంటి అప్పుంది, వేరే బ్యాంకులో. వడ్డీ పెరిగితే అతను బ్యాంకుకు పోయి గొడవపడి, నెలనెలా వెయ్యి ఎక్కువ కట్టుకునేలా రాయించుకున్నాడు. అది విని ఓదెలు ఇంటికొచ్చి పడీపడీ నవ్వాడు.

"సారిగాడు పిచ్చోడే. అడిగి మరీ కిస్తీ పెంచుకున్నడు. మా బ్యాంకు దేవుడసొంటిది, ఇన్నేండ్లల్ల రూపాయి పెంచలే!"

ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు అంటారు. తాకట్టు పెట్టి చూడు అని పెద్దలు ఎందుకు చెప్పలేదో నాకు అర్థం కాదు.

నాలుగో ఏట కనకవ్వ తల్లిగారి భూమి అమ్మారు. అన్నదమ్ములు పేచీ పెట్టకుండా ఆమె వాటా లక్షన్నర చేతిలో పెట్టారు. ఓదెలు ఆ డబ్బును తిన్నగా తీసుకుపోయి అదే బ్యాంకులో కనకవ్వ పేరున డిపాజిట్ చేశాడు. తన అప్పు మీద పదకొండున్నర వడ్డీ కడుతూ, తన డబ్బు మీద ఏడున్నర తీసుకోవడానికి ఒప్పుకొని, అదే కౌంటరు దగ్గర దండం పెట్టి వచ్చాడు. ఆ రసీదు కూడా నా కవరులోకే వచ్చింది. దాన్ని చూస్తే నాకు ఏడుపొచ్చింది. కనకవ్వ మాత్రం రసీదుకూ బొట్టు పెట్టింది.

ఏళ్లు గడిచాయి. నా ప్లాస్టిక్ కవరు పసుపు పచ్చబడింది, నా అక్షరాలు కవరుకు అంటుకుని అక్కడక్కడ ఊడాయి. కనకవ్వ మోకాళ్లు రెండూ అరిగిపోయాయని, మార్చాలని, మందులతో లాభం లేదని డాక్టరు చెప్పాడు. డిపో తరఫున వచ్చేది కొంతే, మిగతాది చేతి నుంచి పెట్టుకోవాలి. డిపాజిట్ పెరిగి మూడు లక్షల నలభై వేలు అయింది. ఓదెలు ముందే లెక్క వేసి పెట్టాడు. తను ఉద్యోగం దిగిపోవడానికి నెల ముందు అప్పు తీరుతుంది, కాగితాలు ఇంటికొస్తాయి, ఆ డబ్బుతో ఆపరేషన్. పింఛను మూడు వేల చిల్లర వచ్చినా సొంత ఇల్లు కదా, గంజి తాగైనా బతకొచ్చు. అంత చక్కని లెక్క నేనెక్కడా చూడలేదు.

నూట ఎనభయ్యో గీత పడింది. మరునాడు ఓదెలు గడ్డం గీసుకొని, ఉతికిన చొక్కా వేసుకొని, అరకిలో స్వీటు కొన్నాడు. అసలుతో పేజీ పేజీ సరిచూసుకోవడానికి నన్నూ చంకన పెట్టుకున్నాడు. కనకవ్వ మెట్లెక్కలేనంటూనే ఆటోలో వచ్చింది. కాగితాలు తన చేతిలో పెడతామన్నారు కదా మరి.

కౌంటరు వెనక ఒక చిన్న వయసు ఆఫీసరమ్మ ఉంది. నంబరు కొట్టి చూసింది. మళ్లీ కొట్టి చూసింది.

"సార్, మీకింకా మూడు లక్షల యాభై వేలు బాకీ చూపిస్తోంది. ఎనభై ఆరు కిస్తీలున్నాయి."

"వేరేటోల్లది చూస్తున్నవు బిడ్డా," అన్నాడు ఓదెలు తాపీగా. "నావి నూటెనభై అయిపోయినయ్. పది లక్షల వెయ్యిన్ని నూటరవై కట్టిన. ఇగో, గీతలు."

నా వీపు తిప్పి చూపించాడు. ఆ పిల్ల గీతల వంక చూసింది. తర్వాత కంప్యూటరు తెర అతని వైపు తిప్పి, చిన్నపిల్లాడికి చెప్పినట్టు ఓపిగ్గా చెప్పింది. వడ్డీ పెరిగిన ప్రతిసారీ ఉత్తరం పంపారని, కిస్తీ పెంచుకుంటామని ఎవరూ రాకపోతే గడువు దానంతటదే పెరుగుతుందని, అప్పట్లోనే ఒక వెయ్యి, పన్నెండొందలు ఎక్కువ కట్టుకుంటే ఈపాటికి తీరేదని.

ఓదెలు చాలాసేపు తెర వంకే చూశాడు. స్వీటు డబ్బా ఇంకా చేతిలోనే ఉంది.

"బిడ్డా, నేను ముప్పై మూడేండ్లు టికెట్లు కొట్టిన," అన్నాడు చివరికి. "డీజిల్ పిరమైతే టికెట్ పెంచుతరు. తిట్టుకుంటనో మొత్తుకుంటనో ఇస్తరు జనం. గని ఊరినైతే జరుపరు గదమ్మా. ఎక్కినోనికి ఎక్కడ దిగాలెనో ఎరుకైతది గదా."

ఆ పిల్ల తల వంచుకుంది. పాపం, ఓదెలు సంతకాలు పెట్టిన రోజున ఆమె బడికి పోతూ ఉండి ఉంటుంది. ఖాతాలు అటూ ఇటూ చూసి, మేడమ్ పేరున డిపాజిట్ ఉంది కదా, దాంతో అప్పు మూసేయొచ్చు, పది వేలే తక్కువపడతాయి అంది. నోరు ఊరుకోక, ఆ లక్షన్నర అప్పుడే అప్పులో కట్టి ఉంటే ఏడాదిన్నర కిందటే తీరిపోయేది సార్ అని కూడా అనేసింది. ఓదెలు ముఖం చూశాక ఆ మాట ఎందుకన్నానా అని నొచ్చుకుంది.

"వద్దు," అన్నాడు ఓదెలు. "అవి నీ కాళ్ల పైసలు కనకా. మీ తల్లిగారి భూమివి. నేనే గింత తెలివితక్కువ పని చేస్తే నువ్వెందుకు కట్టాలె? నేను యాడనన్న వాచ్‌మెన్‌గ కుదురుత."

కనకవ్వ అప్పటిదాకా కుర్చీలో మోకాళ్లు పట్టుకొని కూర్చుంది. ఏడుస్తుందేమో అనుకున్నాను. ఏడవలేదు.

"ఏడేండ్లు కుదురుతవా? నీ గుండె గంత గట్టిగున్నదా? నడుమ రెండు కిస్తీలు తప్పితే ఇంటికి తాళమెయ్యరా?" అంది. "కాళ్లు నొస్తే ఇంట్ల కూసుంట. ఇల్లే లేకపోతే యాడ కూసోవాలె?"

ఆ పిల్ల డిపాజిట్ తీసి అప్పులో వేసే కాగితం ముందుకు జరిపింది. ఈసారి ఓదెలు ప్రతి పంక్తీ అర్థం చెప్పించుకొని విన్నాడు, ఆ తర్వాతే కనకవ్వ వేలికి సిరా పూశారు. తక్కువపడ్డ పది వేలు మరునాడు ఎవరినో అడిగి తెచ్చి కట్టాడు. ఆ స్వీటు ఆటోవాడికి ఇచ్చేశారు.

మూడు వారాలకు అసలు దస్తావేజు ఇంటికొచ్చింది. పదిహేనేళ్ల తర్వాత దాన్ని చూశాను. చీకట్లో ఉన్నందుకు కాబోలు, పెళ్లికూతురిలా నిగనిగలాడుతోంది. నేను మాత్రం చీకిపోయాను. ఓదెలు మమ్మల్నిద్దరినీ నేల మీద పక్కపక్కన పరిచి, కళ్లజోడు పెట్టుకొని, పద్నాలుగు పేజీలూ వేలు పెట్టి సరిచూశాడు. రూపాయి తేడా లేదు. అప్పుడు నా పాత కవరు దులిపి, అందులో అసలును పెట్టి కనకవ్వ ముందు చాపాడు.

"ఇగో కనకా, మన ఇల్లు. లేచి లోపల పెట్టు."

కనకవ్వ చాట ఒళ్లోంచి దించలేదు. కారఖానాకు సాయంత్రం లోపల వెయ్యి బీడీలు అప్పజెప్పాలి, ఆపరేషన్‌కు మళ్లీ మొదటి రూపాయి నుంచి కూడబెట్టాలి.

"నువ్వే పెట్టు. నాతోని లేవస్తలేదు," అంది. కవరు మీద చెయ్యి వేసింది. "అవునయ్యా, ఇల్లు ఎంతకు కొన్నమని రాసున్నది అండ్ల?"

ఓదెలు పేజీ తిప్పి చదివాడు. "ఏడు లక్షల యాభై వేలు."

కనకవ్వ దారం తెంపి, కట్టిన బీడీని గంపలో వేసింది.

"తప్పు రాసిన్రు," అంది.

ఓదెలు అసలును అరలో పెట్టి వచ్చి, ఆమెకు ఎదురుగా కింద కూర్చున్నాడు. నేలమీద పడి ఉన్న నన్ను పక్కకు జరిపి, కత్తెర అందుకొని, తడి తునికాకు ఒక్కొక్కటే తీసి కత్తిరించడం మొదలుపెట్టాడు.