పడ్డాడని ఎవరు చెప్పారు?

ఆసుపత్రి అట్టడుగు అంతస్తులో, దుప్పట్లు ఉతికే గది పక్కన కోడింగ్ సెక్షన్ ఉంది. డాక్టర్లు రాసిన జబ్బులన్నిటికీ అక్కడ నంబర్లు వేస్తారు. ఎవరికి ఏమైంది, ఎందుకైంది అన్నది ఆ నంబర్లే చెప్పాలి. ఆ గదిలో అందరికన్నా పెద్దావిడని భూతద్దం అంటారు. ఎదురుగా కాదు లెండి, వెనకాల. ఆవిడకీ తెలుసు, తెలియనట్టు ఊరుకుంటుంది. ఇరవై రెండేళ్ళుగా ప్రతి ఫైల్లోనూ ఈకకు ఈక, తోకకు తోక పీకే మనిషిని అంతకన్నా ఏమంటారు?

అలాంటి భూతద్దమే ఆ రోజు పప్పులో కాలేసింది.

ఫైలు ఒక బస్సు డ్రైవరుది. అరవైకి రెండేళ్ళు తక్కువ. పిక్కను మడమకు పట్టి ఉంచే తాడులాంటి టెండన్, ఎడమ కాలిది, పుటుక్కున తెగింది. చేర్చుకున్నప్పుడు నర్సు "మెట్లు దిగుతుండగా" అని రాసింది. టెండన్ తెగితే నంబర్లు రెండు రకాలు. దెబ్బ తగిలి తెగితే ఒకటి, దానంతటది తెగితే వేరొకటి. మెట్లు అన్న మాట కనపడగానే ఆవిడ చేతులు అలవాటుకొద్దీ దెబ్బ నంబరు కొట్టేశాయి. దెబ్బ అన్నాక కంప్యూటరు ఊరుకోదు. ఎలా తగిలిందో ఇంకో నంబరు వేస్తేగాని ఫైలు కదలదు. ఆవిడ "మెట్ల మీద నుంచి పడటం" అని వేసి పంపేసింది. గంటకిన్ని ఫైళ్ళు కావాలని నెత్తిన కూర్చుంటే ఎవరి చేతులైనా ఆ పనే చేస్తాయి, ఆవిడని అని లాభం లేదు.

మధ్యాహ్నం డబ్బా విప్పి, మొదటి ముద్ద నోట్లో పెట్టుకోబోతూ ఆగిపోయింది. దిగుతుండగా అని కదా ఉంది. మరి పడ్డాడని ఎవరు చెప్పారు?

"ఏంటక్కా, అలా బిగుసుకుపోయారు?" అంది పక్క సీటమ్మాయి.

"ఒకాయన్ని మెట్ల మీద నుంచి తోసేశానే."

సంగతి విని ఆ అమ్మాయి గొంతు తగ్గించింది. "పంపేసిన ఫైలు మళ్ళీ తెరిస్తే మీ లెక్కలో తప్పు రాస్తారు. ఎందుకొచ్చిన గొడవ చెప్పండి."

"రాసుకోనీ."

ఇన్‌చార్జి దగ్గరికి వెళ్ళి ఫైలు తెరవమంది. అతను ఆవిడ కొడుకు వయసు వాడు. తల గోక్కున్నాడు. "తెగింది, డాక్టరుగారు కుట్టేశారు. దెబ్బయితే ఏంటి, కాకపోతే ఏంటి మేడం?"

"దెబ్బయితే అది అయిపోయిన సంగతి బాబూ. దెబ్బ లేకుండా తెగిందంటే, తెంపిందేదో ఇంకా ఒంట్లోనే ఉంది. ఆయనకి రెండో కాలుంది కదా."

ఫైలు తెరిచారు. ఆవిడ మొదటి పేజీ నుంచి చదివింది. ఎక్కడా పడలేదు. చిన్న గీరు కూడా లేదు. నాలుగో పేజీలో, ఆసుపత్రిలో చేరకముందు నుంచీ వాడుతున్న మందుల్లో, ఉబ్బసానికి స్టెరాయిడ్ మాత్రలు, ఛాతీలో ఇన్ఫెక్షన్‌కి ఒక యాంటీబయాటిక్ ఉన్నాయి. ఆ రెండూ కలిస్తే ఈ వయసులో టెండన్లు నీరసించి ఉత్తి నడకకే తెగిన కేసులు ఆవిడ ఇదివరకు చూసింది. తొమ్మిదో పేజీలో నిన్నటి నర్సు రాసింది: "కుడి మడమ కూడా లాగుతోందంటున్నారు." ఆయన్ని ఈ సాయంత్రం నాలుగింటికే ఇంటికి పంపుతున్నారు. ఇంటి దగ్గర వాడాల్సిన మందుల్లో ఆ రెండు మాత్రలూ ఉన్నాయి.

అయినా కోడింగ్ మనిషి డాక్టరుకి కారణం చెప్పకూడదు. అడగాలంతే, అదీ కాగితం మీద. ఆవిడ రాసింది: "రోగి పడినట్టు ఎక్కడా లేదు. నాలుగు, తొమ్మిది పేజీలు చూసి, టెండన్ తెగడానికి కారణం రాయగలరు." అలాంటి కాగితానికి జవాబు రావడానికి వారం పడుతుంది. చేతి గడియారం మూడు చూపిస్తోంది. వార్డు మొహం ఎన్నడూ చూడని మనిషి ఆ కాగితం పట్టుకుని నాలుగంతస్తులు ఎక్కింది.

"నంబర్ల కోసం ఇంత దూరం వచ్చారా?" అని విసుక్కున్నాడు ఎముకల డాక్టరు. ఆవిడ కాగితం చాపింది. ఆయన నాలుగో పేజీ తిప్పాడు. తొమ్మిదో పేజీ తిప్పాడు. తర్వాత ఆవిడ వంక చూడనైనా చూడకుండా వార్డులోకి పరుగులాంటి నడకతో వెళ్ళిపోయాడు.

యాంటీబయాటిక్ మార్చారు. కుడి కాలికి కూడా పట్టీ వేసి ఆరు వారాలు బరువు పడనివ్వలేదు. కింద గదిలో ఆవిడ నంబరు మార్చుకుంది, లెక్కలో ఒక తప్పు రాయించుకుంది.

మూడు నెలలయ్యాక డ్రైవరూ ఆయన భార్యా ఆ గది వెతుక్కుంటూ వచ్చారు. దణ్ణం పెట్టాల్సింది తనకు కాదని, కింద కూర్చునే ఆవిడకని డాక్టరే పంపాడట. ఆ గుమ్మంలోకి అంతకుముందు ఏ రోగీ రాలేదు. ఆవిడ లేచి నిలబడి, అన్నిటికన్నా ముందు ఉన్నమాట చెప్పేసింది.

"నేనూ మొదట తప్పే వేశానండీ. మీరు పడ్డారనే వేశాను."

"అందరూ అదే అన్నారమ్మా," అన్నాడు డ్రైవరు. "డిపోలో తాగి పడ్డాడన్నారు. మా ఆవిడ చూసుకుని దిగొద్దూ అని తిట్టింది. ఇంతమంది అంటుంటే, నిజంగానే పడ్డానేమో, నాకే గుర్తు లేదేమో అనుకున్నాను. మీరు ఒప్పుకోలేదు చూడండి."

భార్య ముందుకొచ్చి ఆవిడ చెయ్యి పట్టుకుంది. "డాక్టరుగారు చెప్పేదాకా నేనూ నమ్మలేదమ్మా. ముప్ఫై ఏళ్ళు కాపురం చేసిన దాన్ని. మొహం కూడా చూడని మీరు నమ్మారు." ఆ చెయ్యి ఎంతకీ వదల్లేదు. మేలు పొందింది వాళ్ళో తనో ఆవిడకు అర్థం కాలేదు. కడుపు నిండిపోయింది.

"వచ్చే వారం నుంచి బస్సెక్కుతున్నానమ్మా. బ్రేకు తొక్కేది ఈ కాలే. చూడండి," అంటూ డ్రైవరు గోడైనా పట్టుకోకుండా కుడి కాలి మునివేళ్ళ మీద లేచి నిలబడ్డాడు.

"చాలు, చాలు, దించండి బాబూ," అంది ఆవిడ కళ్ళు తుడుచుకుంటూ. "ఈసారి నిజంగానే పడతారు."