బండభూతం ఆఖరి ముక్క

బేతంచెర్లలో ఆ కాలం మనుషుల్లో ‘బండభూతం’ సినిమా చూడనిది మద్దమ్మ ఒక్కతే. భూతం వేషం కట్టింది సాక్షాత్తూ ఆమె మొగుడే అయినా సరే! నాపరాయి గనుల్లో షూటింగు జరిగినప్పుడు, మద్రాసు నుంచి వచ్చిన ఫైటరు ఆ ఎండకు రబ్బరు తొడుగులో ఉడికిపోయి కళ్లు తిరిగి పడ్డాడు. గనిలో రాయి కొట్టే గిడ్డయ్యను పిలిచి అది తొడిగించారు. తీరా సినిమా టెంటు హాలుకు వచ్చేసరికి మద్దమ్మ కడుపుతో ఉంది. భూతాన్ని చూస్తే బిడ్డకు ఆ పోలికలొస్తాయని అత్త గడప దాటనివ్వలేదు. బిడ్డకు తండ్రి పోలికలు రాక ఇంకెవరివి వస్తాయని అడిగే ధైర్యం ఆ కోడలికి ఎక్కడిది?

సినిమా వారం తిరక్కుండా ఎత్తేశారు. డైరెక్టరు గుర్తుగా ఇచ్చిపోయిన వీడియో క్యాసెట్టును గిడ్డయ్య తువ్వాలులో చుట్టి ట్రంకుపెట్టెలో దాచుకున్నాడు. దాన్ని ఆడించే మిషను వాళ్లింట్లో ఏనాడూ లేదు.

ఆయన పోయి ఏడాది కావస్తోంది. గని దుమ్ము ఊపిరితిత్తుల్లో పేరుకుపోయి, గాలి కోసం నోరు తెరుచుకుని కొట్టుకుంటూ పోయాడు. అప్పట్నుంచి మద్దమ్మకు కళ్లు మూస్తే ఆ ముఖమే. పెళ్లినాటి గిడ్డయ్య ఎంత గింజుకున్నా గుర్తుకు రావడం లేదు. ఆ వయసులో ఆయన ఫోటో దిగలేదు. ఇంట్లో ఉన్నదల్లా ఆధార్ కార్డు మీది ముసలి గిడ్డయ్య. ఒక్కసారి ఆ పాత ముఖం కనబడితే చాలు, ఈ చావు ముఖం నన్ను వదిలిపెడుతుంది అనుకునేది.

అలాంటి రోజుల్లో కడప నుంచి జయపాల్ వెతుక్కుంటూ వచ్చాడు. కాలేజీలో పాఠాలు చెప్పుకునే మనిషి. మరుగున పడ్డ భూతాల సినిమాలు సంపాదించి, శుభ్రం చేసి యూట్యూబులో పెట్టడం ఆయన పిచ్చి. అరిగిపోయిన ‘బండభూతం’ బళ్లారి వీడియో షాపులో దొరికితే పెట్టాడు. జనం ఎగబడి చూస్తున్నారట. ‘మా చిన్నప్పటి భయం ఇదే’ అని ఒకరు, ‘నవ్వడానికి మొదలుపెట్టి ఏడ్చేశాను’ అని ఇంకొకరు రాసినవి మద్దమ్మ కూతురు నాగలత చదివి వినిపించింది.

జయపాల్ అరుగు మీద ల్యాప్‌టాప్ తెరిచాడు. గనిలోంచి తారు రంగు భూతం ఊగుతూ ఎక్కి వచ్చింది. మద్దమ్మ ముందు కిసుక్కున నవ్వింది. మరుక్షణం కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

“ఆ ఎడంకాలు ఈడ్చేది చూడు పాపా. బండ పడిన కాలు. మీ నాయనే!”

“కడాన ఆఖరి ముక్క కొంచెం ఈ కాపీలో లేదు పెద్దమ్మా,” అన్నాడు జయపాల్. “ఆ ముక్కలోనే తొడుగు ఊడి పెద్దాయన ముఖం కనపడతాదంట. మీకాడ క్యాసెట్టు ఉండాదని తెలిసి వచ్చినా.”

మద్దమ్మ ట్రంకుపెట్టె వైపు చూసింది. “ఆయనతోనే పెట్టి పూడ్చినానప్పా.”

పోయిన మనిషికి ఇష్టమైనవి గుంతలో పక్కన పెట్టి పంపడం వాళ్ల ఆచారం. బీడీలకట్ట, చెంబు, క్యాసెట్టు తన చేత్తోనే పెట్టింది. మంచి పని చేశావని అందరూ మెచ్చుకున్నారు కూడా.

“తవ్వుదాం మా,” అంది నాగలత. “కవరు చుట్టే కదా పెడితిమి.”

“ఎండుమన్ను కాబట్టి బాగానే ఉండొచ్చు,” అని జయపాల్ తల వంచుకున్నాడు. “అయినా అడిగే నోరు నాకు లేదు. మీరే చెప్పాల.”

మద్దమ్మకు ఆశ పుట్టింది. పంపినదాన్ని వెనక్కి లాక్కునే సిగ్గులేని ఆశ. గడ్డపార ఏ మూలన ఉందో కూడా కళ్లతో వెతికింది. లేవబోతూ అడిగింది.

“తొడుగు ఊడినాక ఏమైతాదప్పా?”

“భూతాన్ని మందు పెట్టి పేలుస్తారు. దుమ్ములో పడి, ఊపిరాడక…” జయపాల్ తడబడ్డాడు. “డైరెక్టరు చెప్పినాడు. నిజంగా ప్రాణం పోతాండాదేమో అన్నట్టు చేసినాడంట పెద్దాయన.”

మద్దమ్మ మళ్లీ కూలబడింది.

“ఆ ముఖం నేను చూసినాలేప్పా. దానికోసం తవ్వొద్దు.”

“నువ్వు చూసినావు,” అంది నాగలత. “నేను అప్పుడు నీ కడుపులోనే ఉంటి. వయసులో ఉన్న నాయనను నేను యాడ చూసినా?”

మద్దమ్మ దగ్గరికి జరిగి, కూతురి తల ఒళ్లోకి లాక్కుని ఏడ్చింది.

జయపాల్ సంచి సర్దుకుని లేచాడు. చివరి ముక్క ఇక దొరకదని యూట్యూబులో సినిమా కింద రాసేస్తానన్నాడు.

“అయితే నీ దాంట్లో ఆయన సావడా?” అంది మద్దమ్మ.

“సావడు పెద్దమ్మా. గని గట్టున నిలబడి ఉండగానే ఆగిపోతాది.”

ఆయన వెళ్లాక తల్లీకూతుళ్లు ఫోనులో ఆ సినిమా మొత్తం చూశారు. గట్టు మీద భూతం తల ఇటు తిప్పింది. తొడుగు కంతల్లో కళ్లైనా కనబడతాయేమోనని మద్దమ్మ ఫోనును ముఖానికి ఆనించుకుంది. కంతల్లో చీకటి తప్ప ఏమీ లేదు. అంతలోనే తెర నల్లబడింది.

“మొదట్నుంచి పెట్టు పాపా,” అంది.